మనిషిని ఇంట్లో ఆపేశారా? హెబియస్ కార్పస్ వేసే ముందు, వేశాక

“మా అమ్మాయి మేజరేనండీ, కానీ మనసు విరిచేశారు. హెబియస్ వేసి ఇంటికి పంపించండి.” విజయవాడ గవర్నర్‌పేటలోనైనా, గుంటూరు నగరంపాలెంలోనైనా వకీళ్ళ ఆఫీసుల్లో తరచూ వినబడే మాట ఇది. “మా ఆవిడని పుట్టింటివాళ్ళు పంపట్లేదు, అదేదో రిట్టు ఉందట కదా” అనేవాళ్ళూ వస్తారు. ఇద్దరి బాధా నిజమే కావచ్చు. అయినా ఇద్దరికీ ముందు చెప్పాల్సింది ఒకటే. హెబియస్ కార్పస్ అంటే ఆపేసిన మనిషిని కోర్టు ముందుకు తెమ్మని అడిగే పిటిషన్. అందులో హైకోర్టు చూసేది ఫలానా మనిషి చట్టం ఒప్పుకోని నిర్బంధంలో ఉన్నారా లేదా అన్నది మాత్రమే. ఎవరి పరువు పోయింది, పెళ్ళి ఖర్చు ఎవరు పెట్టారు, ఎవరి పెంపకం గొప్పది అన్న లెక్కలు అందులోకి రావు. ఇంటి గొడవ గెలవడానికి వేసిన పిటిషన్ మొదటి వాయిదాలోనే తేలిపోతుంది. నిజంగా గదిలో పెట్టి గొళ్ళెం వేసిన కేసులో మాత్రం దీన్ని మించిన దారి లేదు.

రాజ్యాంగం 226వ అధికరణ కింద హైకోర్టులో, 32వ అధికరణ కింద సుప్రీంకోర్టులో ఈ రిట్ (కోర్టు ఆదేశం కోసం వేసే అర్జీ) వేస్తారు. ఆపింది పోలీసులే కానక్కర్లేదు. కన్నతండ్రి, మొగుడు, అత్తమామలు, మేనమామ, ఆశ్రమం, ఆస్పత్రి, ఎవరి మీదైనా వేయొచ్చు. నిర్బంధంలో ఉన్న మనిషి సంతకం పెట్టే స్థితిలో ఉండరు గనక వాళ్ళ తరఫున స్నేహితులో, భర్తో, అక్కచెల్లెళ్ళో వేయొచ్చు.

మొదటి మెట్టు: మీ గొడవ ఏ రకమో తేల్చుకోండి

తొందరపడి ఈ మెట్టు దాటేయకండి. మిగతాదంతా దీని మీదే ఆధారపడి ఉంటుంది.

ఇష్టపడి పెళ్ళి చేసుకున్న అమ్మాయిని, లేదా చేసుకోబోతున్న అమ్మాయిని, కన్నవాళ్ళు వెనక్కి తీసుకెళ్ళి బయటికి రానివ్వని కేసులు మొదటి రకం. ఆమెకు 18 నిండి ఉంటే చట్టం సూటిగా ఉంది. మేజరైన ఆడపిల్ల తనకు నచ్చినవాణ్ణి పెళ్ళాడొచ్చని లతా సింగ్ కేసులో (2006) సుప్రీంకోర్టు చెప్పింది. హదియా కేసుగా పేరుపడ్డ షఫిన్ జహాన్ కేసులో (2018), హెబియస్ పిటిషన్ విచారిస్తూ పెళ్ళిని రద్దు చేసిన కేరళ హైకోర్టు తీర్పును కొట్టేసింది. అబ్బాయికి పెళ్ళి వయసైన 21 నిండలేదని చెప్పి మేజరైన అమ్మాయిని తండ్రికి అప్పగించడం కూడా కుదరదని అదే ఏడాది నందకుమార్ కేసులో చెప్పింది. ఇద్దరూ కలిసే ఉండి బయటినుంచి బెదిరింపులు మాత్రమే వస్తుంటే మీకు హెబియస్ అక్కర్లేదు. పోలీసు రక్షణ ఇప్పించమని వేసే రిట్ వేరే ఉంది. ఈ రెంటినీ కలిపేసి రాసిన పిటిషన్లు చాలానే కనబడతాయి.

ఇదే కథ తల్లిదండ్రుల వైపు నుంచి ఎలా ఉంటుందో చూడండి. అమ్మాయి ఇల్లు వదిలి వెళ్ళింది, స్టేషన్‌లో మిస్సింగ్ కేసు పెట్టారు, రెండు రోజులకు ఆమె వచ్చి “నేను మేజర్ని, ఇష్టపడే వెళ్ళాను” అని రాసిచ్చింది, కేసు మూసేశారు. ఇప్పుడు హెబియస్ వేస్తే ఆమె కోర్టుకొచ్చి అదే మాట జడ్జీల ముందు చెబుతుంది. అంతటితో అయిపోతుంది. కాగితం కోర్టు నుంచి వచ్చిందన్న తేడా తప్ప ఇంకేమీ మారదు, కూతురితో మిగిలిన కాస్త మాటా పోతుంది. అలాంటి అమ్మాయిని వెనక్కి వెళ్ళమని పోలీసులు ఒత్తిడి చేయడాన్నీ లక్ష్మీబాయి చందరగి కేసులో (2021) సుప్రీంకోర్టు తప్పుపట్టింది. ఆమెను నిజంగా ఎవరో బెదిరించి ఉంచారని మీ దగ్గర ఆనవాళ్ళు ఉంటే అది వేరే సంగతి. “బ్రెయిన్‌వాష్ చేశారు” అన్నది ఆనవాలు కాదు.

అమ్మాయికి 17 ఏళ్ళయితే లెక్కంతా మారిపోతుంది. ఆమె ఒప్పుకున్నా అది సమ్మతి కింద రాదు. పోక్సో (పిల్లలపై లైంగిక నేరాల చట్టం), కిడ్నాప్ సెక్షన్లు వచ్చి పడతాయి, ఆమెను బాలల సంక్షేమ కమిటీ ముందు హాజరు పెడతారు. అందుకే వయసు రుజువు ముందే చేతిలో పెట్టుకోండి. పదో తరగతి మెమో లేదా పుట్టినతేదీ సర్టిఫికెట్ కావాలి. ఆధార్‌లో ఉన్న తేదీ ఒక్కదాన్నే నమ్ముకుని రావద్దు.

రెండో రకం మొగుడూపెళ్ళాల మధ్య వచ్చేది. భార్య పుట్టింట్లో ఉండి రానంటోంది, భర్త హెబియస్ అంటాడు. భర్త అడిగినంత మాత్రాన మామూలుగా ఇచ్చేసే రిట్ కాదిదని మహమ్మద్ ఇక్రమ్ హుస్సేన్ కేసులో 1964లోనే సుప్రీంకోర్టు చెప్పింది. కాపురానికి రమ్మని అడిగేందుకు హిందూ వివాహ చట్టం 9వ సెక్షన్, ఫ్యామిలీ కోర్టు ఉన్నాయి. దీనికి ఎదురు కేసు అత్తవారింట్లో కోడల్ని ఫోను లాగేసుకుని ఇల్లు కదలనివ్వకపోవడం. అక్కడ అమ్మాయి తల్లిదండ్రులు వేసే హెబియస్ గట్టిగా నిలుస్తుంది. దాంతోపాటే 2005 గృహహింస చట్టం కింద రక్షణ ఉత్తర్వులూ అడగొచ్చు.

మూడో రకం గురించి తక్కువమంది మాట్లాడతారు: మేజరైన మనిషిని “ట్రీట్‌మెంట్” పేరుతో మానసిక ఆస్పత్రిలోనో, మందు మాన్పించే సెంటర్‌లోనో పడేయడం. ఆస్తి గొడవల్లోనూ, కులం దాటిన ప్రేమల్లోనూ ఇది జరుగుతుంది. మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టం (2017) ప్రకారం ఇంట్లోవాళ్ళు సంతకం పెట్టినంత మాత్రాన చేర్చుకోవడానికి లేదు. మనిషి తనంతట తాను నిర్ణయం తీసుకోలేని స్థితిలో ఉన్నారని ఇద్దరు నిపుణులు విడివిడిగా పరీక్షించి తేల్చాలి. 89వ సెక్షన్ కింద చేర్చినా 30 రోజులే గడువు. ఆడమనిషిని చేర్చితే మూడు రోజుల్లోగా, మగవాణ్ణి చేర్చితే ఏడు రోజుల్లోగా మెంటల్ హెల్త్ రివ్యూ బోర్డుకు తెలపాలి. పిటిషన్‌లో ఆస్పత్రిని ప్రతివాదిగా పెట్టి, ఈ కాగితాలన్నీ కోర్టు ముందుంచమని అడగండి. చాలాసార్లు కేసు అక్కడే తేలిపోతుంది.

ముసలి తల్లిని ఒక కొడుకు తన దగ్గరే పెట్టుకుని మిగతా బిడ్డలను చూడనివ్వని గొడవలు కూడా వస్తాయి. కోర్టు ఆ తల్లినే అడుగుతుంది. “పెద్దాడి దగ్గరే ఉంటాను” అని ఆమె అంటే కథ ముగిసినట్టే. పొలం సంతకాల సంగతి సివిల్ కోర్టులో చూసుకోవాలి.

రెండో మెట్టు: స్టేషన్‌లో కాగితం పుట్టించండి

నేరుగా హైకోర్టుకు పోతే మొదట ఎదురయ్యే ప్రశ్న “పోలీసులకు చెప్పారా?” అన్నదే. నిర్బంధం జరుగుతున్న చోటి స్టేషన్‌లో రాతపూర్వకంగా ఫిర్యాదు ఇవ్వండి, రసీదు అడిగి తీసుకోండి. పరిధి మాది కాదంటే జీరో ఎఫ్‌ఐఆర్ (పరిధితో పనిలేకుండా ఏ స్టేషన్‌లోనైనా నమోదు చేసేది) కట్టాలి. బీఎన్‌ఎస్‌ఎస్ (సీఆర్‌పీసీ బదులు వచ్చిన కొత్త చట్టం) 173వ సెక్షన్‌లో ఆ మాట స్పష్టంగా ఉంది. అక్రమ నిర్బంధం బీఎన్‌ఎస్ (ఐపీసీ బదులు వచ్చిన చట్టం) 127వ సెక్షన్ కింద నేరం. నేరం జరిగిందని ఫిర్యాదులో కనబడుతుంటే ఎఫ్‌ఐఆర్ కట్టక తప్పదని లలితా కుమారి కేసులో (2013) అయిదుగురు జడ్జీల ధర్మాసనం చెప్పింది. కనబడకుండా పోయింది చిన్నపిల్లలైతే కిడ్నాప్ అన్న అనుమానంతోనే ఎఫ్‌ఐఆర్ కట్టాలని అదే ఏడాది బచ్‌పన్ బచావో ఆందోళన్ కేసులో ఆదేశాలున్నాయి.

స్టేషన్‌లో తీసుకోకపోతే విజయవాడలో పోలీస్ కమిషనర్‌కి, గుంటూరులో ఎస్పీకి అదే ఫిర్యాదు స్పీడ్ పోస్టులో పంపి, పోస్టాఫీసు రసీదు దాచుకోండి. సోమవారం అర్జీల దాకా ఆగే వ్యవహారం కాదిది. ప్రాణభయం ఉంటే ముందు 112కి ఫోన్ చేయండి. ఆడవాళ్ళకు 181, పిల్లలకు 1098 ఉన్నాయి.

“స్టేషన్‌లో కూర్చోబెట్టి మాట్లాడదాం, పెద్దమనుషులను పిలిపించండి” అన్న మాట ఎలాగూ వస్తుంది. అమ్మాయి ఎక్కడుందో కళ్ళారా చూడకుండా ఆ పంచాయితీకి ఒప్పుకోకండి. మాటల్లో వారం గడిచేలోపు మనిషిని ఊరు దాటించేస్తారు.

మూడో మెట్టు: మేజిస్ట్రేటా, హైకోర్టా?

అందరూ హెబియస్ అంటారు గానీ, కొన్ని కేసుల్లో దగ్గరి దారి ఇంకొకటి ఉంది. బీఎన్‌ఎస్‌ఎస్ 100వ సెక్షన్ (పాత సీఆర్‌పీసీలో 97) కింద ఫస్ట్ క్లాస్ మేజిస్ట్రేటు సెర్చి వారంటు ఇవ్వొచ్చు. పోలీసులు ఆ ఇంటికి వెళ్ళి, మనిషి దొరికితే వెంటనే మేజిస్ట్రేటు ముందుకు తీసుకురావాలి. విజయవాడలోనో గుంటూరులోనో ఉన్న ఇంటి అడ్రసు మీకు కచ్చితంగా తెలిసినప్పుడు ఇది బాగా పనికొస్తుంది. నిర్బంధం నేరం స్థాయికి వచ్చిందని చూపించగలగాలి. తండ్రి దగ్గరున్న బిడ్డ విషయంలో ఈ వారంటు కుదరదని రమేశ్ వర్సెస్ లక్ష్మీబాయి కేసులో (1998) సుప్రీంకోర్టు చెప్పింది, తండ్రి దగ్గర ఉండటం నేరం కాదు గనక.

మనిషి ఎక్కడుందో తెలియకపోయినా, పోలీసులు కదలకపోయినా, అవతలివాళ్ళు పలుకుబడి ఉన్నవాళ్ళయినా హైకోర్టుకే వెళ్ళండి. ఒక్క షరతు గుర్తుంచుకోవాలి. ఎవరు ఆపారో, అసలు ఎవరైనా ఆపారో లేదో కూడా తెలియని మామూలు మిస్సింగ్ కేసుకు ఈ రిట్ రాదని గిరీశ్ వర్సెస్ రాధామణి కేసు (2009) ఉంది. అనుమానం ఎవరి మీదో, ఎందుకో చెప్పగలగాలి.

నాలుగో మెట్టు: అఫిడవిట్ (ప్రమాణ పత్రం)

ఆంధ్రప్రదేశ్ హైకోర్టు ఉన్నది గుంటూరు జిల్లా తుళ్ళూరు మండలం నేలపాడులో. బెజవాడ నుంచి ప్రకాశం బ్యారేజీ దాటి ఉండవల్లి, కరకట్ట మీదుగా వెళ్ళొచ్చు. గుంటూరు నుంచి తాడికొండ, తుళ్ళూరు దారి. లాయర్‌ను పెట్టుకునే స్తోమత లేకపోతే ఆగిపోకండి. ఆడవాళ్ళకు, పిల్లలకు, ఎస్సీ ఎస్టీలకు ఆదాయంతో సంబంధం లేకుండా ఉచితంగా న్యాయవాదిని ఇవ్వాలని 1987 న్యాయసేవల చట్టం 12వ సెక్షన్ చెబుతోంది. హైకోర్టు న్యాయసేవల కమిటీని అడగండి, లేదా 15100కి ఫోన్ చేయండి.

ప్రతివాదులుగా మామూలుగా పెట్టేది హోంశాఖ ముఖ్యకార్యదర్శిని, డీజీపీని, కమిషనర్ లేదా ఎస్పీని, స్టేషన్ ఎస్‌హెచ్‌ఓని (స్టేషన్ బాధ్యత చూసే అధికారిని). ఆ తర్వాత నిర్బంధించారని మీరు చెబుతున్న ప్రైవేటు మనుషులను పెట్టాలి. చివరి వరసలోని వాళ్ళ పేర్లు, ఇంటి నంబర్లు తప్పుపోతే నోటీసు అందదు. అక్కడే నాలుగు రోజులు పోతాయి.

అఫిడవిట్ అసలు బలం నిర్బంధాన్ని చూపించే వాస్తవాల్లో ఉంటుంది. “ప్రతివాదులు దురుద్దేశంతో కుట్రపూరితంగా అక్రమంగా నిర్బంధించినారు” అని పేజీల కొద్దీ రాసుకొస్తారు. దాన్నిబట్టి కోర్టుకు ఏమీ తెలియదు. గుంటూరులో ఉంటున్న 23 ఏళ్ళ అమ్మాయి సంగతి అనుకోండి. ఇలా రాసి చూడండి:

“10వ తేదీ రాత్రి తొమ్మిదింటికి ఆమె తన స్నేహితురాలికి వాళ్ళ పనిమనిషి ఫోను నుంచి చేసింది. తన ఫోను లాగేసుకున్నారని, పై గదికి బయటనుంచి గొళ్ళెం పెడుతున్నారని, రేపల్లెలో పెదనాన్న ఇంటికి పంపేస్తారని చెప్పింది. తర్వాత ఆ నంబరు పలకలేదు. 11న నేను, స్నేహితురాలు వెళ్తే తలుపు సందులోంచే ‘ఊళ్ళో లేదు’ అన్నారు. ఆమె చెప్పులు గుమ్మంలోనే ఉన్నాయి. 12న స్టేషన్‌లో ఫిర్యాదు ఇచ్చాం, 13న ఎస్పీకి స్పీడ్ పోస్టు చేశాం.”

ఇందులో తిట్టు ఒక్కటీ లేదు. తేదీ, గంట, ఎవరి ఫోను నుంచో, గొళ్ళెం, చెప్పులు ఉన్నాయి. ఇది చదివిన బెంచ్ “అమ్మాయిని తీసుకురండి” అని చెప్పకుండా ఉండలేదు. ఆ స్నేహితురాలు కూడా ఒక చిన్న అఫిడవిట్ ఇస్తే ఇంకా మంచిది. వాట్సాప్ మెసేజీలు, వాయిస్ నోట్లు ఉంటే ప్రింట్లు జతచేయండి. అసలు ఫోను మాత్రం మార్చకండి, ఫార్మాట్ కొట్టకండి.

దాచకూడనివి కూడా ఉన్నాయి. మీ మీద ఉన్న కేసు, ఫ్యామిలీ కోర్టులో నడుస్తున్న పిటిషన్, ఇంతకు ముందు ఆమె స్టేషన్‌లో ఇచ్చిన వాంగ్మూలం, మీ ఇద్దరికీ ఇంకా పెళ్ళి కాలేదన్న సంగతి, అన్నీ మీరే ముందు చెప్పేయండి. అవతలి లాయరు లేచి చెప్పేదాకా ఆగితే పిటిషన్ పోవడమే కాక ఖర్చులు కూడా మీద పడొచ్చు. పెళ్ళి కాలేదని చెప్పడానికి చాలామంది భయపడతారు. అక్కర్లేదు. స్నేహితులైనా, సహజీవనంలో ఉన్నవాళ్ళయినా, ఒకే లింగానికి చెందిన జంటలైనా పిటిషన్ వేయొచ్చు. ఈ సంబంధం ఎలాంటిదని కోర్టులు తవ్వుకుంటూ పోకూడదని దేవు జి. నాయర్ కేసులో (2024 మార్చి 11) సుప్రీంకోర్టు మార్గదర్శకాలు ఇచ్చింది. ఇలాంటి పిటిషన్లను ముందు వరసలో విచారించాలని కూడా అందులోనే ఉంది. మీ లాయరు చేతిలో ఆ తీర్పు ఉండాలి.

అయిదో మెట్టు: బెంచ్ మీదికి

హెబియస్ పిటిషన్లు ఇద్దరు జడ్జీల డివిజన్ బెంచ్ ముందుకు వస్తాయి. రిజిస్ట్రీ (కోర్టు ఆఫీసు) అభ్యంతరాలు పెట్టి రిటర్న్ చేస్తే అదే రోజు సరిచేసి మళ్ళీ ఇవ్వండి. బాగా అర్జంటయితే పొద్దున్నే బెంచ్ ముందు చెప్పి లంచ్ మోషన్‌కు (అదే రోజు భోజన విరామం తర్వాత విచారణకు) అనుమతి అడుగుతారు, సెలవు రోజుల్లో హౌస్ మోషన్ (జడ్జి ఇంటి దగ్గరే అత్యవసర విచారణ) ఉంటుంది. మనిషిని ఇవాళో రేపో రాష్ట్రం దాటించేస్తారన్న ఆధారం ఉంటేనే ఇవి అడగమనండి. ఊరికే అడిగితే మర్నాటి నుంచి మీ అర్జంటుకు విలువ ఉండదు.

ఆరో మెట్టు: మనిషిని తెచ్చిన రోజు

మేజరు విషయంలో ఆ రోజు కోర్టు అడిగే ప్రశ్నలు చాలా మామూలుగా ఉంటాయి. నీ వయసెంతమ్మా, ఎక్కడ ఉంటున్నావు, ఎవరైనా భయపెట్టారా, ఇక్కడనుంచి ఎక్కడికి వెళ్ళాలనుంది. అంతే. ఛాంబర్‌లో (జడ్జీల గదిలో) అడిగితే తల్లిదండ్రులనూ, అటువైపు వాళ్ళనూ బయట ఉంచుతారు. కాబట్టి పిటిషనర్‌గా మీరు చేయగలిగింది ఆ ఛాంబర్ తలుపు దాకానే. లోపల ఆమె చెప్పిన మాటే ఆర్డరు అవుతుంది. రాత్రంతా ఏడ్చి కాళ్ళు పట్టుకున్న తల్లి మొహం గుర్తొచ్చి, అమ్మాయి “ఇంటికే పోతాను” అనే సందర్భాలూ ఉంటాయి. అందుకే ముందే మీ లాయరు ద్వారా ఒక విన్నపం పెట్టండి: తెచ్చాక కుటుంబ సభ్యుల నుంచి కొంచెంసేపు దూరంగా కూర్చోబెట్టి, అప్పుడు మాట్లాడించమని. దేవు నాయర్ మార్గదర్శకాల్లో ఈ ఆలోచనే ఉంది. మనసు మార్చే కౌన్సెలింగ్‌కు పంపకూడదని కూడా అక్కడే చెప్పారు.

మేజరైన మనిషి అటూ ఇటూ కాకుండా హాస్టల్‌కు వెళ్తానన్నా కోర్టు ఒప్పుకోవాలి. తనకు ఇష్టం లేకుండా ప్రభుత్వ వసతిగృహంలో పెట్టడానికి కూడా వీల్లేదు.

కోర్టు వదిలేసిన అమ్మాయి చాలాసార్లు కట్టుబట్టలతో బయటకొస్తుంది. ఆధార్, డిగ్రీ సర్టిఫికెట్లు, ఏటీఎం కార్డు, ఫోను అన్నీ ఆ ఇంట్లోనే ఉండిపోతాయి. తర్వాత వాటికోసం తిరగడం నరకం. పోలీసుల సమక్షంలో ఇప్పించమని, వెళ్ళదలచిన చోటి దాకా రక్షణ ఇవ్వమని ఆ రోజే నోటితో అడిగించి, ఆర్డర్‌లో రాయించుకోండి.

పిల్లల కేసులు

ఇక్కడ ఇష్టానిష్టాల కంటే బిడ్డ క్షేమం ముందుంటుంది. తండ్రి బిడ్డను స్కూలు దగ్గరనుంచే తీసుకెళ్ళిపోయాడు, తల్లి పెట్టాబేడా సర్దుకుని బిడ్డతో పుట్టింటికి వెళ్ళిపోయింది, ఇలాంటివన్నీ హెబియస్‌గా వస్తాయి. హిందూ మైనారిటీ, సంరక్షకత్వ చట్టం (1956) 6వ సెక్షన్ ప్రకారం అయిదేళ్ళు నిండని బిడ్డ మామూలుగా తల్లి దగ్గర ఉండాలి. పాలు తాగే బిడ్డను లాక్కెళ్ళిన కేసులో ఈ మాట బలంగా పనిచేస్తుంది. తల్లిదండ్రుల్లో ఒకరు పోయాక అమ్మమ్మ తరఫువాళ్ళో, మేనత్తలో బిడ్డను తమ దగ్గరే ఉంచేసుకుంటే, వాళ్ళకు చట్టపరమైన హక్కు లేనప్పుడు హెబియస్ నడుస్తుందని తేజస్విని గౌడ్ కేసు (2019) చెప్పింది.

అయితే అదే తీర్పులో, మామూలు దారి గార్డియన్స్ అండ్ వార్డ్స్ చట్టం (1890) కిందే ఉందని కూడా అన్నారు. ఎనిమిదేళ్ళ బిడ్డ రెండేళ్ళుగా తండ్రి దగ్గర ఉండి, బడికి పోతూ, బాగానే ఉంటే హైకోర్టు “ఫ్యామిలీ కోర్టుకు వెళ్ళండి” అనే అవకాశమే ఎక్కువ. సాక్షులను పిలిచి, లోతుగా విచారించే చోటు అదే. బిడ్డ మామూలుగా నివసించే ఊరి కోర్టులో వేయాలి. నా సలహా ఏమిటంటే, హెబియస్ వేసినా ఫ్యామిలీ కోర్టు కాగితాలు కూడా సిద్ధంగా పెట్టుకోండి. ఒకటి పోయాక రెండోది మొదలుపెడితే ఆ మధ్యలో బిడ్డ మిమ్మల్ని మరిచిపోతుంది.

హైకోర్టులో పూర్తి కస్టడీ రాకపోయినా చూసే హక్కు అడగండి. శని, ఆదివారాలు, దసరా, సంక్రాంతి సెలవులు, రోజూ ఫలానా సమయంలో వీడియో కాల్ అని విడివిడిగా రాయించుకోండి. దూరంగా ఉన్న తల్లికో తండ్రికో బిడ్డతో మాట్లాడే హక్కు ఉండాలని యశితా సాహు కేసు (2020) చెప్పింది.

అమెరికా నుంచి బిడ్డను తీసుకొచ్చేసి పటమటలోనో, గుంటూరు లక్ష్మీపురంలోనో ఉండిపోయిన కేసులు మన దగ్గర కొత్తేమీ కాదు. పిల్లల అపహరణపై 1980 నాటి హేగ్ ఒప్పందంలో భారత్ చేరలేదు. అందుచేత అక్కడి కోర్టు ఆర్డరు ఇక్కడ దానంతటదే అమలు కాదు. నిత్య ఆనంద్ రాఘవన్ కేసు (2017) ప్రకారం దాన్ని ఒక అంశంగా చూస్తారు, చివరికి బిడ్డ క్షేమాన్నే తూస్తారు. రాజేశ్వరి చంద్రశేఖర్ గణేశ్ కేసులో (2022) పిల్లలను వెనక్కి అమెరికా పంపమన్నారు. కాబట్టి వచ్చి ఎన్నాళ్ళయింది, బిడ్డ ఇక్కడి బడిలో ఎంత కుదురుకుంది అన్నది పెద్ద తేడా తెస్తుంది. ఆలస్యం చేసినవాళ్ళకే నష్టం.

ఆర్డరు వచ్చాక

సర్టిఫైడ్ కాపీ తీసుకుని స్టేషన్‌లో ఒకటి ఇచ్చి, మీ దగ్గరున్న కాపీ మీద అందినట్టు సంతకం, ముద్ర వేయించుకోండి. బిడ్డను చూపించమన్న రోజు చూపించకపోతే, ఆ రోజే గుమ్మం ముందు నుంచి లాయరుకు మెసేజ్ పెట్టండి. కోర్టు ధిక్కారం పిటిషన్‌కు అదే తేదీ, అదే సమయం కావాలి. పిటిషన్ కొట్టేస్తే 136వ అధికరణ కింద సుప్రీంకోర్టులో స్పెషల్ లీవ్ పిటిషన్ (అప్పీలుకు అనుమతి కోరే అర్జీ) వేయొచ్చు. హైకోర్టు కొట్టేసిన తర్వాత కూడా 32వ అధికరణ కింద నేరుగా సుప్రీంకోర్టుకు వెళ్ళే వీలు హెబియస్‌కు ఉందని గులాం సర్వర్ కేసు (1967) చెబుతోంది. కొట్టేసింది “ఆమె ఇష్టపడే అక్కడ ఉంది” అన్న కారణంతోనైతే ఢిల్లీ టికెట్టు కొనే ముందు ఆర్డరు మరోసారి చదవండి. ఆమె ఛాంబర్‌లో చెప్పింది అందులో రెండు మూడు వాక్యాల్లో రాసి ఉంటుంది.